నత్త తాత రాలేదు

సీతారామారావు గారు అడిగింది నాలుగు వాక్యాలే. తెలుగు సంఘం బాలోత్సవానికి వచ్చే ముఖ్య అతిథి గురించి నాలుగు వాక్యాలు రాసి శుక్రవారంలోగా పంపిస్తే కరపత్రంలో వేయిస్తానన్నారు. ఆ నాలుగు వాక్యాలకు అరుంధతి మూడు సాయంత్రాలు కూర్చుంది.

మొదట రాసింది ఇలా ఉంది: "ఎమిల్ వెర్నో గారు ఫ్రాన్సు టెలివిజన్లో ముప్పై ఏళ్ళు నత్త వేషం వేసి పిల్లలతో పాటలు పాడారు. ఆ పాటలన్నీ ఆయనే కట్టారు." రాసింది చదువుకుంటే, నత్త అన్న మాట దగ్గర ఆమె చెవులు వేడెక్కాయి. కిందటేడు ఆ కుర్చీలో ఒక బ్యాంకు ఉపాధ్యక్షుడు కూర్చున్నాడు. అంతకు ముందేడు గుండె డాక్టరు. ఈ ఏడు నత్తను పట్టుకొచ్చిందెవరని నలుగురూ తన వైపు తిరుగుతారు. కొట్టేసింది. చివరికి పంపింది ఇది: "శ్రీ ఎమిల్ వెర్నో ఫ్రెంచి టెలివిజన్ రంగంలో మూడు దశాబ్దాలు సేవలందించిన ప్రఖ్యాత సంగీత దర్శకులు." ఆ తర్వాత ఇంకో మూడు వాక్యాలు, అవీ అలాంటివే. వాటిలో ఒక్క అబద్ధం లేదు. నత్త కూడా లేదు.

అరుంధతి సింగపూరు వచ్చి రెండేళ్ళయింది. కంప్యూటరు చదివిన ప్రతివాళ్ళకూ ఎక్కడో ఒకచోట ఉద్యోగం దొరుకుతున్న రోజులవి. ఆమెకు ఆంగ్ మో కియోలో, చిన్నపిల్లలకు అక్షరాలూ అంకెలూ నేర్పే సీడీలు తయారుచేసే కంపెనీలో దొరికింది. పాటలు కట్టడానికి ఆ కంపెనీ పిలిపించుకున్న మనిషి ఎమిల్. వయసు డెబ్బైకి దగ్గర. బ్యాంకులో పనిచేసే కూతురి దగ్గర, బుకిట్ బటోక్‌లో ఉండేవారు. అరుంధతి అద్దెకున్న గది కూడా బుకిట్ బటోక్‌లోనే, ఆ భవనంలోనే. అందుకని వారానికి రెండు రోజులు ఇద్దరూ ఒకే ట్రైన్లో ఇంటికి వచ్చేవారు.

ఆయన ఇచ్చిన మొదటి పాటను ఆమె పాడుచేసింది. అందులో ప్రతి ప్రశ్న తర్వాతా నాలుగు దరువుల ఖాళీ ఉంది. రికార్డింగులో లోపమనుకుని ఆ ఖాళీలన్నీ కత్తిరించి, పాటను దగ్గరగా అతికించి వినిపించింది. ఎమిల్ హెడ్‌ఫోన్లు తీసి బల్ల మీద పెట్టారు.

"పిల్లవాణ్ణి కోసేశావు," అన్నారు.

ఆమెకు అర్థం కాలేదు.

"నేను అడుగుతాను. ఇంట్లో టీవీ ముందు కూర్చున్న పిల్లవాడు జవాబు చెబుతాడు. వాడికి నాలుగు దరువులు కావాలి. వాడు చెప్పేది నాకు వినబడదు. వినబడకపోయినా నేను ఆగి వినాలి. ముప్పై ఏళ్ళు నేను చేసిన పని అదే. పాటలు మిగతావాళ్ళు కూడా కడతారు."

ఆ తర్వాతే నత్త సంగతి తెలిసింది. నత్త పేరు లుమా. తల మీద రెండు కొమ్ముల టోపీ, వీపు మీద పెద్ద గుల్ల, మొహానికి ఆకుపచ్చ రంగు. నేల మీద పిల్లల మధ్య పాక్కుంటూ పాడేవాడు లుమా. ఆయన అసలు మొహం ఆ దేశంలో ఎవరికీ తెలియదట. కూరగాయల కొట్లో ఒకసారి ఏదో అడగడానికి నోరు తెరిస్తే, వెనక నిల్చున్న ముసలావిడ గొంతు గుర్తుపట్టి ఏడ్చిందట. చెబుతూ ఎమిల్ నవ్వారు. అరుంధతి కూడా నవ్వి, అటూ ఇటూ చూసింది, పక్క సీటువాళ్ళు విన్నారేమోనని.

ఆమె శనివారాలు సంఘం పిల్లలకు తెలుగు అక్షరాలు చెప్పేది. ఆ మాట వినగానే ఎమిల్, వాళ్ళ కోసం లుమా తెలుగులో పాడతాడన్నారు. మాటలు ఆమె రాసింది, బాణీ ఆయన కట్టారు. బాలోత్సవానికి ఆయన్ని పిలవమని సంఘానికి చెప్పింది కూడా ఆమే.

నత్తా నత్తా, ఎక్కడికే?

నాలుగు దరువుల ఖాళీ. అక్కడ పిల్లలు చెప్పాలి:

ఎక్కడికైనా ఇంటికే.

అలాంటివి ఆరు ప్రశ్నలు, ఆరు ఖాళీలు. ఉత్సవం రోజు నత్త తాత వచ్చి అడుగుతాడని పిల్లలకు చెప్పి, జవాబులు నెల రోజులపాటు శనివారం తరగతిలో అరుంధతే నేర్పింది. ఎమిల్ తన ప్రశ్నలు ట్రైన్లో సాధన చేసేవారు. "ఎక్కడికే"లో ఒత్తు ఆయన నోటికి లొంగలేదు. ఆంగ్ మో కియో నుంచి బుకిట్ బటోక్ దాకా "ఎ-క-డికే, ఎక్-కడికే" అంటూనే ఉండేవారు. జనం పేపర్ల మీదుగా చూసేవాళ్ళు. రెండో వారం నుంచి అరుంధతి ఒక సీటు వదిలి కూర్చోవడం మొదలుపెట్టింది. ఆయన గమనించారో లేదో, మధ్యలో ఉన్న ఖాళీ సీటు మీదుగా వంగి మరీ అడిగేవారు, ఇప్పుడు సరిగ్గా వచ్చిందా అని.

పాత గుల్ల ఫ్రాన్సులోనే ఉండిపోయింది. కొత్తది ఇక్కడే చేసుకున్నారు, పాత పేపర్లు నానబెట్టి, వెదురు బద్దల మీద పొరలు పొరలుగా అతికించి. పేపర్లిచ్చింది అరుంధతి ఇంటామె కుమారమ్మ. తెల్లవాళ్ళ కాలంలో భీమిలి నుంచి ఓడెక్కి వచ్చినవాడి మనవరాలు ఆవిడ. ఇండియా చూడలేదు. తెలుగు మాత్రం వదల్లేదు.

"ఇదిగో పిల్లా, తమిళ్ పేపరు కట్ట. ఇంగ్లీషు పేపరు పల్చనంట కదా, మీ తెల్ల తాత చెప్పినాడు లిఫ్టులో," అంది. "ముసలోడికి ఈ వయసులో బొమ్మలాటేంది అనుకుంటి. ఆ చేతులు చూస్తే పనోడి చేతులే. మకాన్ తినినాక పోయి ఇచ్చి రా."

ఇక్కడి ఉక్కకు ఆ గుల్ల ఆరడానికి రెండు నెలలు పట్టింది.

ఊళ్ళో తండ్రికి ఆదివారాలు ఫోను చేసేది అరుంధతి. ఫ్రెంచాయనతో పనిచేస్తున్నానని చెబితే, "పిల్లల టీవీయా? ఏం చేసి చూపిస్తాడమ్మా వాళ్ళకి?" అని ఆత్రంగా అడిగారాయన.

"మ్యూజిక్ డైరెక్టరు నాన్నా," అంది.

ఆ ఆత్రం ఎందుకో ఆమెకు తెలుసు. కృష్ణమూర్తి మాస్టారు పాతపట్నం దగ్గర ఒక పల్లెలో ఏకోపాధ్యాయ పాఠశాల నడిపారు. ఒకటో తరగతికి "ఆవు" పాఠం వచ్చిన రోజు కండువాను తోకలా దోపుకుని, చేతులూ మోకాళ్ళూ నేలకానించి గదంతా తిరిగి అంబా అనేవారు. పిల్లలు గడ్డి పెట్టేవారు, పాలు పితికేవారు. ఆవు చేత అక్షరాలు దిద్దించేవారు. ఊరంతా ఆయన్ని ఆవు మాస్టారు అనేది. అందులో వెక్కిరింత కన్నా చనువే ఎక్కువ. ఎనిమిదేళ్ళ అరుంధతికి ఆ తేడా తెలియదు. ఒకరోజు ఆయన అలా ఆవై ఉండగా ఇన్‌స్పెక్టరు గుమ్మంలోకి వచ్చాడు. వెలుతురుకు వీపు పెట్టి నిలబడ్డ అతనికి లోపల ఎవరు ఏమిటో కనిపించలేదు. మాస్టారేరని ముందు వరసలో ఉన్న ఆ పిల్లనే అడిగాడు.

"మాస్టారు ఇంకా రాలేదండి," అంది.

తండ్రి నేల మీద ఆమెకు రెండు బారల దూరంలో ఉన్నారు. లేచి, మోకాళ్ళు దులుపుకుని, కండువా భుజాన వేసుకుని, నమస్కారమండీ అన్నారు. ఇంట్లో ఆ సంగతి ఎప్పుడూ ఎత్తలేదు. ఆవు కూడా మళ్ళీ ఎప్పుడూ రాలేదు.

బాలోత్సవం నవంబరులో ఒక ఆదివారం, జురాంగ్ వెస్ట్‌లోని ఒక కమ్యూనిటీ హాల్లో జరిగింది. గుల్లను ఎమిల్ కూతురి ఆఫీసు వ్యాన్లో తెచ్చి దించి వెళ్ళారు. సీతారామారావు గారు గుమ్మంలోనే ఎదురొచ్చారు, పట్టు లాల్చీలో, చేతిలో దండతో. ఆయన దృష్టి గుల్ల మీద పడింది.

"ఈ డెకరేషన్ ఎవరిదమ్మా? మనం ఆర్డర్ ఇవ్వలేదే."

అది ఎమిల్ వీపు అని చెప్పడానికి ఒక్క వాక్యం చాలు. అరుంధతి చుట్టూ పట్టుచీరల్లో ఉన్నవాళ్ళను చూసింది.

"తర్వాత వాడతామండి," అంది.

"అయితే స్టోర్‌రూములో పెట్టించేస్తా. దారికడ్డం. సార్, ప్లీజ్ కమ్, ప్లీజ్ కమ్." ఎమిల్ మెడలో దండ పడింది.

వేదిక మీద ఎర్ర గుడ్డ కప్పిన కుర్చీలో ఆయన్ని కూర్చోబెట్టారు. కింద చాపల మీద నలభై మంది పిల్లలు. శనివారం తరగతివాళ్ళు ముందు వరసలో కూర్చుని, ఒకళ్ళ చెవిలో ఒకళ్ళు జవాబులు చెప్పుకుంటున్నారు. అధ్యక్షులు మాట్లాడారు. విరాళమిచ్చినవారు మాట్లాడారు. విరాళమిచ్చినవారిని పరిచయం చేసినాయన మళ్ళీ మాట్లాడారు. అరుంధతి రాసిన నాలుగు వాక్యాలను సీతారామారావు గారు గొంతు పెంచి చదివితే హాలంతా చప్పట్లు కొట్టింది. ఎమిల్ పక్కన ఆమె దుబాసీగా నిలబడి ఉంది. శాలువా కప్పారు. జ్ఞాపిక ఇచ్చారు. పళ్ళబుట్ట ఇచ్చారు. ఒక్కొక్కటీ అందుకున్నప్పుడల్లా ఎమిల్ లేచి వంగి దణ్ణం పెట్టి, ఆమె వైపు చూసి కనుబొమలతో అడిగారు: ఇప్పుడా?

పన్నెండున్నరకు ఆమె సీతారామారావు గారి దగ్గరికి వెళ్ళింది.

"అంకుల్, ఆయన పిల్లలకు ఒక పాట తెచ్చారండి. కింద కూర్చుని..."

"కిందా?" ఆయన నొచ్చుకున్నట్టు చూశారు. "చీఫ్ గెస్టుని పిలిచి చాప మీద కూర్చోబెట్టి పాడించామంటే రేపు మన సంఘం గురించి ఏమనుకుంటారు? అంత పెద్ద మ్యూజిక్ డైరెక్టరు. నువ్వేగా రాశావు. మ్యూజిక్ డైరెక్టర్లు కంపోజ్ చేస్తారమ్మా, గంతులెయ్యరు. కావాలంటే మైకులో రెండు ముక్కలు ఆశీర్వదించమను. ఒంటిగంటకి బ్యాడ్మింటన్ వాళ్ళకి హాలు ఇచ్చెయ్యాలి, ఇంకా వందన సమర్పణ ఉంది."

ఆ మాటల్లో ఎగతాళి లేదు. మర్యాద తక్కువ కాకూడదన్న కంగారే ఉంది. అందుకే ఆమెకు కోపం తెచ్చుకునే వీలు కూడా లేకపోయింది. ఆయన గంతులే వేస్తారండీ, దానికోసమే మూడు నెలలుగా కష్టపడుతున్నారు, నేనే దాచాను అనాలి.

"సరేనండి," అంది.

వేదిక ఎక్కి ఎమిల్ చెవిలో, టైము అయిపోయిందని చెప్పింది. వెనకాల గోడ గడియారం కనబడుతూనే ఉంది. పాట నాలుగు నిమిషాలు. వందన సమర్పణ పధ్నాలుగు నిమిషాలు సాగింది.

స్టోర్‌రూము తాళాలు పట్టుకున్న మనిషి భోజనానికి వెళ్ళిపోయాడు. గుల్లను వచ్చే ఆదివారం తీసుకెళ్ళమన్నారు. ట్యాక్సీలో ఎమిల్ శాలువాను నాలుగు మడతలు పెట్టి ఒళ్ళో పెట్టుకుని, కరపత్రంలో తన ఫొటో కింద ఉన్న తెలుగును వేలితో చూపారు.

"ఇది చదువు. ఉన్నది ఉన్నట్టు."

ఆమె ఇంగ్లీషులోకి మారుస్తూ చదివింది. నాలుగు వాక్యాలూ అయ్యేసరికి ట్యాక్సీ ఇంకా జురాంగ్ ఈస్ట్ దాటలేదు.

"లుమా ఎక్కడ?"

ఆయన తొందరపెట్టలేదు. నాలుగు దరువులు గడిచాయి, ఇంకో నాలుగు కూడా.

"ముప్పై ఏళ్ళు నా మొహం ఎవరికీ తెలియదు, లుమా తెలుసు," అన్నారు చివరికి. "నువ్వు మొహం పెట్టి లుమాను తీసేశావు." ఆ తర్వాత కిటికీలోంచి చూస్తూ కూర్చున్నారు.

ఆ వారం రెండు రోజులూ ఆయన ఆఫీసుకు వచ్చారు. పని మామూలుగానే చేశారు. సాయంత్రం ట్రైన్లో తెలుగు మాట ఒక్కటీ పలకలేదు. అరుంధతి ఈసారి ఆయన పక్క సీట్లోనే కూర్చుంది. ఇప్పుడు కూర్చుని ఏం లాభమని ఆమెకే అనిపించింది.

ఆదివారం పొద్దున కుమారమ్మ ఆమె మొహం చూసి, "ఏం పిల్లా, వారమాయె, అన్నం పళ్ళెంలో గీతలు గీస్తా ఉండావు," అంది. చెబితే విని, కాసేపు వక్క నమిలి, "పోయి తీస్కరా ముందు. ఆ తమిళ్ పేపరంతా నాది," అంది.

స్టోర్‌రూములో గుల్ల మీద ప్లాస్టిక్ కుర్చీలు దొంతర పెట్టారు. తీసి చూస్తే పక్కన జానెడు పగులు. రెండు ట్యాక్సీలు ఆగాయి. డిక్కీలో పట్టదు, వెనక సీట్లో పట్టదు. రెండో డ్రైవరు తల అడ్డంగా ఊపి, వీపుకి పట్టీలున్నాయిగా అన్నట్టు సైగ చేసి వెళ్ళిపోయాడు. నిజమే, చేతుల్లో మోస్తే పగులు పెద్దదవుతుంది. అది వీపున వేసుకోవడానికి చేసిన వస్తువు. అరుంధతి కాసేపు రోడ్డు వారన నిలబడి, తర్వాత పట్టీల్లో చేతులు దూర్చింది.

స్టేషన్లో మామూలు గేటులో పట్టలేదు. వీల్‌చెయిర్లకు తెరిచే వెడల్పు గేటు తీయించుకుని ప్లాట్‌ఫామ్ మీదికి వెళ్ళింది. ట్రైన్లో కూర్చోవడం కుదరదు. స్తంభం పట్టుకుని నిలబడింది. కుర్రాళ్ళు ఫక్కున నవ్వారు. ఒకామె బిడ్డకు వేలు పెట్టి చూపింది. అరుంధతి నేల చూపులు చూస్తుండగా తెలుగు వినబడింది.

"అరుంధతీ? ఏంటిది?"

కీర్తిక. సంఘం కోశాధికారి భార్య. ఆమె చెయ్యి పట్టుకుని ఆరేళ్ళ యోగిత, శనివారం తరగతిలో అందరికన్నా ముందు జవాబు చెప్పే పిల్ల. యోగిత అప్పటికే గుల్ల చుట్టూ ఒకసారి తిరిగొచ్చింది.

"ఆంటీ, దిస్ ఈజ్ స్నెయిల్ తాతది, రైట్?"

"అవునమ్మా."

"హి నెవర్ కమ్ లా, ఆ రోజు. వి ఆల్ వెయిటింగ్." మాట చివర ఆ 'లా' ఇక్కడి అలవాటు. పిల్ల గొంతులో ఫిర్యాదు కూడా పాతబడిపోయింది. ఉన్న సంగతి చెప్పినట్టే చెప్పింది. "స్నెయిల్ తాత రాలేదు."

అరుంధతి స్తంభం గట్టిగా పట్టుకుంది. ఇది ఆమెకు తెలిసిన వాక్యం. పదిహేడేళ్ళ కింద, గుమ్మంలో వెలుతురుకు వీపు పెట్టి నిలబడ్డ మనిషికి తాను చెప్పిన వాక్యం. ఇప్పుడు ఒక పిల్ల దాన్ని నమ్మి, తిరిగి తనకే చెబుతోంది.

"వచ్చారమ్మా," అంది. "దండ వేసుకుని కుర్చీలో కూర్చున్న తాతే ఆయన."

యోగిత నమ్మలేదు. "దట్ వన్ ఈజ్ చీఫ్ గెస్ట్."

"ఆయనే. మీ కోసం పాట నేర్చుకుని వచ్చారు. ఆయన నత్త అని చెప్పడానికి నేను సిగ్గుపడ్డాను. పెద్దవాళ్ళెవరికీ చెప్పలేదు. అందుకే ఆయన్ని కుర్చీలోంచి లేవనివ్వలేదు."

కీర్తిక ఇబ్బందిగా చూసింది. "ఇప్పుడవన్నీ ఎందుకులే, దానికేం తెలుసు," అంది లోగొంతుకతో. చుట్టూ జనం ఉన్నారు, వాళ్ళకు తెలుగు రాదు. అయినా అరుంధతికి ఒళ్ళంతా చెమట పట్టింది. యోగిత మాత్రం ఆ జవాబును తూచి చూస్తున్నట్టు కాసేపు ఆలోచించింది.

"యూ నాటీ లా, ఆంటీ," అంది.

"అవును," అంది అరుంధతి.

జురాంగ్ ఈస్ట్‌లో వాళ్ళు దిగి వేరే వైపు వెళ్ళారు. ఆమె ట్రైన్ మారి, బుకిట్ బటోక్‌లో దిగి, ఎండలో నడిచి, లిఫ్టులో పట్టేలా పక్కకు తిరిగి సర్దుకుని, ఎమిల్ తలుపు తట్టింది.

ఆయన తలుపు తీసి ఆమెను పైనుంచి కిందిదాకా చూశారు. నవ్వలేదు. వెనక్కి వెళ్ళి పట్టీలు వదులు చేసి, గుల్ల దించి, పగులు మీద బొటనవేలు పెట్టి చూశారు.

"అతుకుతుంది," అన్నారు. గుల్ల గురించే అన్నారు.

నేల మీద పేపర్లు పరిచి, గిన్నెలో జిగురు కలిపారు. ఆమె పేపరు ముక్కలు చింపి అందిస్తోంది, ఆయన అతికిస్తున్నారు. గాలికోసం ముంగిలి తలుపు తెరిచే ఉంది. ట్రైన్లో ఏం జరిగిందో ఆమె చెప్పింది. ఆయన విన్నారు, క్షమించానని గానీ పరవాలేదని గానీ అనలేదు.

చాలాసేపటికి, "మీ నాన్న ఏం చేసేవారు?" అని అడిగారు. ఇదివరకు ఒకసారి అడిగితే ఆమె టీచరని చెప్పింది. ఆయనకు గుర్తుండే ఉంటుంది. అయినా అడిగి, చేతిలోని ముక్క గిన్నె అంచున పెట్టి, ఆగారు.

ఒక దరువు. రెండు. మూడు.

"ఆవు," అంది అరుంధతి. "మా నాన్న ఆవు వేసేవారు. బళ్ళో."

తర్వాత అంతా చెప్పింది, ఇన్‌స్పెక్టరుతో సహా. తండ్రి మోకాళ్ళు దులుపుకోవడం దగ్గరికొచ్చాక పేపరు ముక్కలు చింపడం ఆపేసింది. ఎమిల్ తల వంచుకుని విన్నారు. అంతా అయ్యాక ఆయనకు ఒక్కటే సందేహం మిగిలింది. అది పనివాడి సందేహం.

"నడిచేటప్పుడు తల ఎలా పెట్టేవారు? నాకు చూపించు."

అరుంధతి వేళ్ళకున్న జిగురు పేపరుకు తుడుచుకుంది. తెరిచిన తలుపు అవతల కారిడార్లో ఎవరివో చెప్పుల చప్పుడు దగ్గరవుతోంది. లేచి తలుపు దగ్గరగా వేసి రావాలనిపించింది. చప్పుడు గుమ్మం దాకా వచ్చింది. ఆమె లేవలేదు. చున్నీ కొస నడుము వెనక దోపుకుని, రెండు అరచేతులూ నేలకు ఆనించింది.